అధ్యక్షపదవా, అధ్యక్ష్యపదవా?

వట్రసుడి: తెలుగు బైబిల్లో మొదటి తిమోతి 3:1, “ఎవడైనను అధ్యక్ష్యపదవిని ఆశించినయెడల అట్టివాడు దొడ్డపనిని...” ఆపైన అపేక్షించుచున్నాడా, ఆకాంక్షించుచున్నాడా? దోర్నకల్ బిషప్ అజరయ్య మీది వ్యాసానికి ఎత్తుగడ ఇది. ఇంకో పేచీ, క్ష కింద ఆ యవత్తు అచ్చుతప్పేనా?

అరసున్న: అపేక్షించుచున్నాడు. యవత్తు మాత్రం దోషం. అధ్యక్షుని భావం ఆధ్యక్ష్యం. ష్యఞ్ అనే సంస్కృత ప్రత్యయం చేరితే మొదటి అచ్చుకు వృద్ధి తప్పదు, అంటే అ కాస్తా ఆ అవుతుంది: అలసుడు–ఆలస్యం, అధికం–ఆధిక్యం, అధిపతి–ఆధిపత్యం. యవత్తు ఉంచితే దీర్ఘం ఇవ్వాలి, దీర్ఘం వద్దనుకుంటే యవత్తు తీసేయాలి.

బండిర: కింది వచనంలోనే ‘అధ్యక్షుడగువాడు’ అని శుభ్రంగా ఉంది. అంటే అనువాదకులకు తేడా తెలుసు, ఇక్కడ కావాలనే భావార్థకం వేశారు. దీర్ఘం కంపోజింగులో రాలిపోయి ఉంటుంది.

అరసున్న: ఆధ్యక్ష్యమే పదవి అయ్యాక మళ్లీ ‘పదవి’ దేనికి? నడిమధ్య అన్నట్టుంది.

విసర్గ: అక్షరం సంగతి సరే, మాట ఎంత అతికిందో చూడండి. మూలంలో బిషప్ అని అర్థమిచ్చే గ్రీకు ఎపిస్కొపొస్‌లో ఎపి అంటే పైన, స్కొపొస్ అంటే చూసేవాడు. మనది అధి (పైన), అక్ష (కన్ను). అమరకోశం ‘అధ్యక్షాధికృతౌ సమౌ’ అంటుంది, అధ్యక్షుడన్నా అధికారి అన్నా ఒకటేనని. అర్థశాస్త్రంలో సురాధ్యక్షుడు కూడా ఉన్నాడు, కల్లు సారాయిల మీద అధికారి! అజరయ్య గారి తమిళ బైబిల్లో ఇదే చోట ‘కణ్‌కాణిప్పు’. మన కంగాణీ ఆ కుదురుదే, కూలీల మీద కన్నేసి ఉంచేవాడు.

అజరయ్య గారి విషయంలో గొడవంతా ఆ కన్ను దగ్గరే వచ్చింది. తెల్ల మిషనరీల మీద భారతీయుడి అజమాయిషీ ఏమిటని చాలామంది అడ్డుపడ్డారు. మద్రాసు బిషప్ వైట్‌హెడ్ పట్టుబట్టి నెగ్గించారు. 1909లో డీకన్ (గురువుల్లో తొలి మెట్టు) అయిన మనిషి 1912 డిసెంబరు 29న కలకత్తా సెయింట్ పాల్స్ కెథెడ్రల్‌లో బిషప్ అయ్యారు. వయసు 38. ఆంగ్లికన్ (ఇంగ్లండు చర్చి) సంఘంలో మొదటి భారతీయ బిషప్ ఆయనే. అయితే తొలుత చేతికిచ్చింది నిజాం ఇలాకాలో చిన్న ముక్క, కృష్ణా వైపు ఊళ్లు తరవాత కలిశాయి.

వట్రసుడి: ఆ రోజు ఈ వచనమే చదివారని రాయొచ్చా?

విసర్గ: ఖాయంగా రాయకండి. బిషప్ అభిషేకానికి ఆంగ్లికన్ల 1662 ప్రార్థన గ్రంథం రెండు పాఠాలిచ్చింది: ఇది, లేదంటే అపొస్తలుల కార్యములు 20:17 నుంచి. రెండోదాంట్లోనూ ‘అధ్యక్షులనుగా ఉంచెనో’ వస్తుంది, అక్కడ యవత్తు లేదు. ఏది చదివినా కలకత్తాలో ఇంగ్లీషులోనే.

బండిర: నా అనుమానం ‘దొడ్డ’ మీద. బళ్లారిలో మిషన్ 1810 నాటిది, ఇది కన్నడ వాసన.

అరసున్న: దొడ్డమనసు, దొడ్డమ్మ కూడా కన్నడమేనా? మూలంలో ‘కలోస్’, చక్కనిది. తమిళం ‘నల్లవేలై’ అని ఊరుకుంది. ‘మంచిపని’ అంటే తేలిపోతుందని మనవాళ్లు దొడ్డ వేశారు.

బండిర: ‘అమ్మలఁ గన్న యమ్మ’ పద్యంలో పోతన ‘చాలఁ బెద్దమ్మ’ అన్నాడు, దొడ్డమ్మ అనలేదు. దోర్నకల్ ఆ ఓరుగల్లు సీమదే.

అరసున్న: అనలేక కాదు. మొదటి పాదం చివర ‘బె’ ఉన్నచోట ‘దొ’, రెండో పాదం మొదట ‘ద్దమ్మ’కు బదులు ‘డ్డమ్మ’. గణం చెడదు, ప్రాస మ్మకారమే, ‘కడుపు ఆరడి’తో యతీ నిలుస్తుంది. అయినా పెద్దమ్మ అనే అన్నాడు. చెవి అంటే అదీ!

బండిర: నేనన్నదీ అదే కదా.

అరసున్న: మీరన్నది కన్నడమని.

వట్రసుడి: పోతనకు దండం. వ్యాసంలో యవత్తు ఉంచనా, తీయనా?

విసర్గ: ఉల్లేఖనలో ఉన్నదున్నట్టే ఉంచండి, మీ సొంత వాక్యాల్లో తీసేయండి.

అరసున్న: తప్పని తెలిసీనా?

బండిర: అది తప్పని ఎవరు తేల్చారు? ముందు ఊరి పేరు చూడండి, దోర్నకలా, డోర్నకలా?