భానుమతి గారి శతజయంతి సభ: పాటల ఎంపిక, బాధ్యతల పంపకం

విజయనగరం నుంచి, కార్యక్రమ రచన బాధ్యులు:

కార్యకర్తలందరికీ నమస్కారం. నవంబరు మొదటి శనివారం మెల్‌బోర్న్‌లో మన సంఘం జరపబోతున్న నటి, గాయని భానుమతీ రామకృష్ణ గారి శతజయంతి సభకు పాటల పట్టిక, వ్యాఖ్యానం సిద్ధం చేసే పని నాకు అప్పగించారు. ఊళ్లో ఉండి మీకోసం చేయగలిగిన పని గనుక సంతోషంగా ఒప్పుకున్నాను. ఇంతవరకు వచ్చిన సూచనలన్నీ చదివిన తరువాత, పట్టిక కన్నా ముందు ఒక విషయం తేల్చుకోవాలని అనిపించింది. ఆ సాయంత్రం వేదిక మీద పాట ఒకరిది, అభినయం మరొకరిది కాకూడదని నా మనవి. రికార్డు పెట్టి పెదవులు కదిపే అంశాలు ఎంత అందంగా ఉన్నా, ఈ ఒక్క సభకు వాటిని పక్కన పెట్టాలి.

తొలి టాకీల కాలంలో పాట వచ్చినవారికే వేషాలు దక్కేవి; వాద్యగాళ్లు కెమెరాకు కనబడకుండా పక్కన కూర్చుని వాయిస్తుంటే నటులు అభినయిస్తూనే పాడవలసి వచ్చేది. నేపథ్యగానం స్థిరపడ్డాక ఆ నిర్బంధం తొలగిపోయింది. 1950ల నాటికి లీల, జిక్కి, సుశీల గార్ల వంటి గాయనులు కథానాయికలకు గొంతునిస్తున్నారు. అటువంటి కాలంలో కూడా భానుమతి గారు తెలుగులో తన పాత్రల పాటలు తానే పాడుకున్నారు. ఎస్. వరలక్ష్మి గారి వంటి కొద్దిమందిని మినహాయిస్తే ఆ తరంలో అలా నిలబడినవారు అరుదు. 'మిస్సమ్మ' (1955) సంగతి మీలో చాలామందికి తెలుసు. ఆ వేషానికి మొదట ఎంపికైనది భానుమతి గారే. నిర్మాత చక్రపాణి గారితో పొసగక ఆమె తప్పుకున్నారు. వేషం సావిత్రి గారికి వెళ్లింది, పాటలు లీల గారికి వెళ్లాయి. ఆ ఇద్దరూ ఆ చిత్రాన్ని చిరస్థాయిగా నిలబెట్టారనడంలో నాకు రెండో మాట లేదు. కానీ భానుమతి గారు ఉండి ఉంటే ఆ రెండు పనులూ ఒక్క మనిషే చేసేవారు. వ్యాఖ్యానంలో ఈ ఉదంతాన్ని తప్పక చెప్పాలని నా కోరిక.

ఇక పాటలు. ఆమె ఒంగోలు దగ్గర దొడ్డవరంలో 1925 సెప్టెంబరు 7న పుట్టారు. తండ్రి బొమ్మరాజు వెంకటసుబ్బయ్య గారు సంగీతప్రియులు, తొలి పాఠాలు ఆయన దగ్గరే. పద్నాలుగేళ్లయినా నిండకుండా, సి. పుల్లయ్య గారి దర్శకత్వంలో 'వరవిక్రయం' (1939)లో కాళింది వేషం వేశారు. అందులో ఆమె పాడిన త్యాగరాజ కృతి 'పలుకవేమి నా దైవమా', పూర్ణచంద్రిక రాగం. సభ దానితోనే మొదలు కావాలి. కట్నం మీద రాసిన నాటకం చిత్రంగా రాగా, కాళింది గొంతులో ఆ కృతి కేవలం కచేరీ పాటగా మిగలలేదు. దేవుడు పలకడం లేదన్న ఆ పిల్ల దిగులు అందులో వినిపిస్తుంది. పాడబోయే అమ్మాయికి ఈ సన్నివేశం ముందే వివరించండి.

రెండవది 'స్వర్గసీమ' (1945)లోని 'ఓహోహో పావురమా'. కాళింది వేషం చూసిన ప్రేక్షకులకు ఇందులో పూర్తిగా వేరే భానుమతి కనబడ్డారు. సంప్రదాయ సంగీతం బాగా వంటబట్టిన గొంతు, ఆ శాస్త్రాన్ని ఎక్కడా బరువుగా మోయకుండా, ఒక వలపుగత్తె విలాసాన్ని పలికించింది. ఆ 'ఓహోహో' అన్న పిలుపును సాగదీసేటప్పుడు గొంతులో నవ్వు ఉండాలి. గమకాలు, అంటే స్వరాన్ని ఊపి పలికించే సొగసులు, ఎక్కువైతే ఆ నవ్వు పోతుంది. శాస్త్రీయంగా నేర్చుకున్నవారు పొరపడేది సరిగ్గా ఇక్కడే.

'మల్లీశ్వరి' (1951) దగ్గర కొంచెం ఎక్కువసేపు ఆగుతాను, మీరూ సమయపట్టికలో దానికి ఎక్కువ చోటు ఉంచండి. మన ప్రాంతంవారు గర్వంగా చెప్పుకోదగిన సంబంధం ఉన్నది ఇక్కడే. సంగీతం సమకూర్చిన సాలూరి రాజేశ్వరరావు గారిది సాలూరు దగ్గర శివరామపురం. ఆయన కూడా బాలనటుడిగా 'శ్రీకృష్ణ లీలలు' (1935)లో కృష్ణుడి వేషం వేసి పాటలు పాడినవారే, అందువల్ల నటిస్తూ పాడేవారి ఊపిరి ఎంతో ఆయనకు అనుభవంలో తెలుసు. ఎన్.టి. రామారావు గారికి పాడిన ఘంటసాల గారు కృష్ణా జిల్లావారైనా, చదువుకున్నది మన సంగీత కళాశాలలో. పట్రాయని సీతారామశాస్త్రి గారి శిక్షణలో, మధూకరం (ఇంటింటా భిక్షాన్నం) చేసుకుంటూ ఈ వీధుల్లోనే తిరిగారు. దేవులపల్లి కృష్ణశాస్త్రి గారి మాట, బి.ఎన్. రెడ్డి గారి దర్శకత్వం వాటికి తోడయ్యాయి. 'ఆకాశవీధిలో' యుగళగీతంలో ప్రేమికులిద్దరూ వేర్వేరు చోట్ల ఉండి మేఘంతో మాట్లాడుకుంటారు. కాబట్టి పాడేవారిని వేదికకు రెండు కొసల నిలబెట్టండి, ఒకరి ముఖం ఒకరు చూసుకోవద్దు.

అయితే ఆహ్వానపత్రం ముసాయిదాలో భానుమతి గారిని 'మన ఉత్తరాంధ్ర ముద్దుబిడ్డ' అని రాసినవారు దయచేసి ఆ మాట తీసేయండి. ఆమె ఊరు దొడ్డవరం. మన ప్రాంతం వాటా పాటల వరుసల్లో, సహగాయకుడి శిక్షణలో ఉంది. దానిని ఉన్నదున్నట్టు చెబితేనే మనకు గౌరవం.

మెల్‌బోర్న్ నుంచి, వేదిక నిర్వాహకులు:

మాస్టారూ, నమస్కారం. మీరు రాసింది సబబుగానే ఉంది, కానీ మాకు మూడు చిక్కులు ఉన్నాయి. నాట్యం నేర్చుకుంటున్న మా పిల్లలు 'పిలచిన బిగువటరా' మీద ఎంతో ఆశ పెట్టుకున్నారు. ఇక్కడ వాద్యబృందం దొరకడం కష్టం కనుక చాలామంది ముందే రికార్డు చేసిన వాద్యాల ట్రాక్ మీదే సాధన చేస్తున్నారు. విజయనగరం వారి సభలో సుశీల గారి పాట ఒక్కటైనా లేకపోతే ఎలా అని పెద్దలు అడుగుతున్నారు. ఏం చెప్పమంటారు?

విజయనగరం నుంచి:

బాబూ, చివరి ప్రశ్నకు ముందు జవాబు చెబుతాను. సుశీల గారు మా ఊరి ఆడపడుచు, ఆమె పేరు చెబితే ఇక్కడ ప్రతి ఇంటా ముఖాలు వికసిస్తాయి. తెర వెనుక నిలిచి పదుల కొద్దీ కథానాయికలకు ప్రాణం పోసిన ఆ గానానికి ప్రత్యేకంగా ఒక సాయంత్రం కేటాయించాలి. భానుమతి గారి సభలో కొసరుగా ఒక పాట పెడితే ఇద్దరికీ న్యాయం జరగదు. పెద్దలకు ఇదే మాట నా పేరు మీద చెప్పండి.

'పిలచిన బిగువటరా' 'మల్లీశ్వరి'లోది, జావళి (అభినయానికి పాడే శృంగార గీతం) పోకడలో సాగే పాట. చిత్రంలో వర్షపు రాత్రి సత్రంలో మల్లి పాడుతూ ఆడుతుంది. మారువేషంలో ఉన్న శ్రీకృష్ణదేవరాయలవారు చూస్తారు. ఆ వేగానికి ఆడుతూ పాడమని నేటి పిల్లలను అడగలేము. పదాలు, జావళీలు కూర్చుని పాడుతూ చేతులతో, కళ్లతో అభినయించే పాత సంప్రదాయం ఒకటి మనకు ఉంది. ఆ పద్ధతిలో పాడగల పెద్ద అమ్మాయికి ఈ పాట ఇవ్వండి. మిగిలిన పిల్లలకు సభారంభంలో స్వాగత నృత్యం ఇస్తే చిన్నబుచ్చినట్టు కాదు.

ట్రాక్ విషయంలో మాత్రం రాజీ పడవద్దు. ట్రాక్ శ్రుతి ముందే ఖాయమై ఉంటుంది, గొంతు దానికి లొంగవలసి వస్తుంది. అందనిచోట పిల్లలు అరుస్తారు, లేదా మింగేస్తారు. ఒక వీణ, ఒక తబలా, శ్రుతిపెట్టె చాలు. నడుస్తూ పాడేవారికి తలకు తగిలించుకునే మైకులు తెప్పించండి.

'చండీరాణి' (1953)ని మూడు భాషల్లో ఆమే దర్శకత్వం వహించి, ద్విపాత్రాభినయం చేసిన సంగతి, వారి చిత్రనిర్మాణ సంస్థ భరణి, ఆమె రాసిన 'అత్తగారి కథలు', 1966లో పద్మశ్రీ, ఆ తరువాత మద్రాసు ప్రభుత్వ సంగీత కళాశాల బాధ్యత, ఇవన్నీ వ్యాఖ్యానంలో రెండేసి వాక్యాల్లో ముగిస్తాను. 'విప్రనారాయణ' (1954) నుంచి 'ఎందుకోయీ తోటమాలి' ఉంచుతున్నాను, అది కూడా రాజేశ్వరరావు గారి వరుసే. చివరి పాటగా 'మంగమ్మగారి మనవడు' (1984)లోని 'శ్రీ సూర్యనారాయణా'. కాళిందికీ మంగమ్మకూ మధ్య నలభై అయిదేళ్లు గడిచినా, ఆ వయసులోనూ తన పాత్రకు తానే గొంతు విప్పారు. దీనిని అరవై దాటిన మన సభ్యురాలు ఎవరైనా పాడితే బాగుంటుంది.

అక్టోబరు మొదటి ఆదివారం నుంచి మీ గడియారాలు గంట ముందుకు జరుగుతాయి కనుక, మాకు ఉదయం 7 గంటలంటే మీకు మధ్యాహ్నం 12:30. సాధన ఆదివారాల్లో ఆ వేళకే పెట్టుకుందాం. పైడితల్లి అమ్మవారి సిరిమానోత్సవం వారంలో మాత్రం నేను అందుబాటులో ఉండను. పాడేవారందరూ ఎవరి శ్రుతి వారు, ఎవరి పాట వారు రాసి సెప్టెంబరు నెలాఖరులోగా ఇక్కడే పెట్టండి; వాటిని చూశాకే వీణ వాయించే అమ్మాయికి వరుసల స్వరాలు పంపుతాను.