‘ఇటాలియన్ ఆఫ్ ది ఈస్ట్’ సరే, ఏ ఇటాలియన్? (చర్చ)

అచ్చుతప్పు:
తెలుగును ‘ఇటాలియన్ ఆఫ్ ది ఈస్ట్’ అనడం మన సభల్లో రివాజు. రెండూ అజంత భాషలు, మాటలు చాలావరకు అచ్చుతోనే ముగుస్తాయి, అందుకని ఆ పోలిక. బాగానే ఉంది గానీ అది పుస్తకాల ఇటాలియన్‌కే చెల్లుతుంది. ఇళ్ళల్లో మాట్లాడే మాటల దగ్గరికొస్తే చివరి అచ్చు ఊరికో దారి పడుతుంది. పిల్లి అన్న మాట చూడండి: పుస్తకంలో గత్తో, వెనిస్‌లో గాతో, మిలాన్‌లో గత్, సిసిలీ దీవిలోని పలెర్మోలో గత్తు. నేపుల్స్‌లో గత్తో అని రాస్తారు, పలికేటప్పుడు చివరి అచ్చును సగం మింగేస్తారు.

మిలాన్‌కో టొరినోకో చదువుకి వెళ్ళేవాళ్ళు యాప్‌లో నేర్చుకున్న భాష వీధిలో వినపడట్లేదని తికమకపడుతుంటారు. ఏ ప్రాంతపు మాటో చెవితో ఎలా పట్టుకోవాలి, నేర్చుకునేవాళ్ళు ఎక్కడ బోల్తా పడతారు, తెలిసినవాళ్ళు రాయండి. చరిత్ర కాస్త తగ్గించండి.

ధ్వనిముద్ర:
కాస్తయినా లేకపోతే మొదటి మెట్టు మీదే జారతాం. ఇటలీవాళ్ళు ‘దియలెత్తో’ అన్నదాన్ని మనం మాండలికం అంటాం. తప్పు అక్కడే మొదలవుతుంది. మనకి మాండలికం అంటే తెలుగే, యాసా పలుకుబళ్ళూ వేరు, అంతే. మిలాన్ దియలెత్తో అలా ఇటాలియన్‌లోంచి పుట్టింది కాదు. రెండూ లాటిన్ నుంచి దేని దారిన అది దిగివచ్చాయి. 14వ శతాబ్దపు ఫ్లోరెన్స్ మాటకి డాంటే, పెట్రార్క్, బొకాచియోల రచనల వల్ల పేరొచ్చింది. 1525లో పియెత్రో బెంబో అనే పండితుడు ఆ పాత ఫ్లోరెన్స్ భాషే రాతకి ఒరవడి అని వాదించాడు (ఆయనది వెనిస్, అదీ తమాషా). 1612లో అకాదెమియా దెల్లా క్రుస్కా అనే భాషా పరిషత్తు నిఘంటువు దానికి ముద్ర వేసింది. 1861లో దేశం ఒకటయ్యేనాటికి ఆ భాష మాట్లాడగలిగినవాళ్ళు భాషాశాస్త్రవేత్త తుల్లియో దె మౌరో లెక్కన నూటికి 2.5 మంది, మరో భాషాశాస్త్రవేత్త అర్రిగో కాస్తెల్లాని లెక్కన 10 మందికి దగ్గర. ఏ లెక్క పట్టుకున్నా మిగతా తొంభై మందిది వేరే భాషే.

మన ‘మాండలికం’ అన్న మాటకి సరిపోయేది అక్కడ ప్రాంతీయ ఇటాలియన్: వ్యాకరణం పుస్తకానిదే, యాస మాత్రం ఊరిది, నాలుగు మాటలు ఊరివి. మిలాన్ ట్రామ్‌లో కుర్రాళ్ళ నోట వినపడేది ఇదే. అసలు లొంబార్డ్ (మిలాన్ ప్రాంతపు దియలెత్తో) వినాలంటే పెద్దవాళ్ళ దగ్గరికో చిన్న ఊళ్ళకో పోవాలి. గణాంక సంస్థ ఇస్తాత్ 2015 లెక్కలో, ఇంట్లో ప్రధానంగా ఇటాలియనే మాట్లాడేవాళ్ళు 45.9 శాతం, రెండూ కలిపి మాట్లాడేవాళ్ళు 32.2, ప్రధానంగా దియలెత్తోనే వాడేవాళ్ళు 14 శాతం చిల్లర. వెనెతో (వెనిస్ ఉన్న ప్రాంతం), నేపుల్స్, సిసిలీ వైపు ఇంటిభాష ఇంకా గట్టిగానే ఉంది.

పడమటిగాలి:
చెవి పరీక్షకి పటం మీద రెండు గీతలు చాలు. మొదటిది పడమటి తీరంలోని లా స్పెజియా నుంచి తూర్పు తీరంలోని రిమిని దాకా (మాస్సా – సెనిగల్లియా అన్నది ఇంకా సరైన గీత, పేరు మాత్రం పాతదే నిలిచింది). దానికి ఉత్తరాన వినపడేదాన్ని మన బడి వ్యాకరణంతోనే చెప్పొచ్చు: గసడదవాదేశం! మనకది రెండు మాటల మధ్య సంధిలో వస్తుంది, వాళ్ళకి మాట లోపలే, రెండు అచ్చుల నడుమ జరిగిపోయింది. స్నేహితుడు: పుస్తకంలో అమీకో, వెనిస్‌లో అమీగో. అన్నదమ్ముడు: ఫ్రతెల్లో, మిలాన్‌లో ఫ్రదెల్. తెలియడం: సపేరె, మిలాన్‌లో సవే. పక్కవాడు: విచీనో, మిలాన్‌లో విజిన్ (స అని రాస్తారు, ఇంగ్లీషు జెడ్‌లా పలుకుతారు). క-గ, త-ద, ప-వ, చ-స, అన్నీ వరసగా.

రెండో గుర్తు, ద్విత్వాలు పోతాయి. భుజం పుస్తకంలో స్పల్లా, వెనిస్‌లో స్పాలా. మూడోది చివరి అచ్చు రాలడం, ఒక్క ‘ఆ’ తప్ప. అయితే మూడో గుర్తుని ఉత్తరానికంతా వర్తింపజేయకండి. వెనిస్‌లో న, ర, ల తర్వాతే ఎక్కువగా రాలుతుంది (రొట్టె పానె కాస్తా పాన్). జెనోవాలో చాలా అచ్చులు నిలిచే ఉంటాయి, కాకపోతే ఒ అని రాసి ఉ అని పలుకుతారు. వాళ్ళ పిల్లి కాగితం మీద గత్తో, నోట్లో గతు.

రెండో గీత రోమ్ – ఆంకోనా. దానికి దక్షిణాన ‘ంద’ కాస్తా ‘న్న’ అవుతుంది: ప్రపంచం మోందో కాదు మున్నో, ‘ఎప్పుడు’ క్వాందో కాదు క్వన్నో. రోమ్ వీధి మాటలోనూ ఇది ఉంది.

అచ్చుతప్పు:
గసడదవాదేశం అదిరింది. ఒక సందేహం. మిలాన్‌లో చివరి అచ్చే లేకపోతే ఏకవచనం, బహువచనం ఎలా తెలుస్తాయి? ఇటాలియన్‌లో ఆ పని చేసేది ఆ అచ్చే కదా.

పడమటిగాలి:
ముందుండే ఆర్టికల్ మోస్తుంది. ఎల్ గత్ అంటే ఒక పిల్లి, ఇ గత్ అంటే పిల్లులు. స్త్రీలింగంలో ఇంకా వింత: లా స్కార్పా ఒక చెప్పు, ఇ స్కార్ప్ చెప్పులు. బహువచనానికి ఏదైనా చేర్చడం మనకి అలవాటు, అక్కడ ఉన్నది తీసేస్తారు.

ఇంకో గుర్తు, వ్యతిరేకార్థం. పుస్తకంలో ‘నోన్’ క్రియకి ముందు వస్తుంది. మిలాన్‌లో మింగా, టొరినోలో నెన్, రెండూ క్రియ తర్వాతే: ‘ఎల్ మంజా మింగా’, వాడు తినడు. బొలోన్యాలో బ్రీజా. మింగా అన్నది ‘తునక’ అనే లాటిన్ మాట నుంచి వచ్చింది, మనం ‘రవ్వంత కూడా లేదు’ అన్నట్టు. వెనిస్‌ది మళ్ళీ పాత దారి, ముందే నో.

నేతిగిన్నె:
నేపుల్స్ సంగతి. చివరి అచ్చులన్నీ ఒకే మసక ధ్వనిగా మారాయి కాబట్టి లింగవచనాల భారం మాట నడుమకి జరిగింది. ఎర్రనివాడు రుస్సో, ఎర్రనిది రొస్సా. చివర రెండింటికీ ఒకటే మసక, తేడా అంతా మొదటి ఉ, ఒ లలో. నెల మేసె, నెలలు మీసె. యాప్ నేర్చుకున్న చెవి మాట చివర వెతుకుతుంది, అక్కడ ఏమీ దొరకదు. లోపలి అచ్చుని వినండి.

అంతకంటే ముద్దొచ్చేది ద్విత్వం చేసే పని. ‘ఒ ఫియెర్రొ’ అంటే ఇనుప పనిముట్టు, ‘ఒ ఫ్ఫియెర్రొ’ అంటే ఇనుము అనే లోహం. లెక్కపెట్టలేని పదార్థాలకి మొదటి హల్లు రెట్టిస్తారు, రొట్టె కూడా ‘ఒ ప్పానె’. బహువచనంలో స్త్రీలింగానికీ ఇంతే: ‘ఎ గ్వల్యూనె’ కుర్రాళ్ళు, ‘ఎ గ్గ్వల్యోనె’ అమ్మాయిలు. అమ్మ, అన్న, అక్క అని పలికి పెరిగిన నోటికి ఇది కష్టం కాదు. ద్విత్వం మాట మొదట్లో రావడమొక్కటే మనకి కొత్త.

ఉకారం:
సిసిలీ గురించి ఎవరూ రాయలేదు, నిజానికి మన అజంతానికి దగ్గర చుట్టం అదే. మాట చివర ఆ, ఇ, ఉ మూడే నిలుస్తాయి. సోలె (సూర్యుడు) సూలి అవుతుంది, అమోరె అమూరి, గత్తో గత్తు. పుంలింగం చివర ఉ చూస్తే మనం బస్సు, కారు, టికెట్టు అన్నట్టే ఉంటుంది. దానికి తోడు మూర్ధన్యం. పుస్తకంలో ల్ల ఉన్న చాలా చోట్ల సిసిలీలో డ్డ వస్తుంది: అందగాడు బెల్లో కాదు బెడ్డు, గుర్రం కవల్లో కాదు కవడ్డు. నాలుక మడిచి పలికే మన డ్డ సరిగ్గా సరిపోతుంది. ఉత్తరాదివాళ్ళు ఈ ధ్వనికి తంటాలు పడతారు. రోమన్ లిపిలో మామూలు డీ రెండుసార్లు రాసి వదిలేస్తే దంత్యమో మూర్ధన్యమో తెలీదు. తెలుగు లిపిలో రాసుకుంటే ఆ గొడవ లేదు.

ఒక హెచ్చరిక. టస్కనీలో (ఫ్లోరెన్స్ ఉన్న ప్రాంతం), సార్డీనియా దీవిలో నాన్నని బబ్బో, బబ్బు అంటారు. సిసిలీలో బబ్బు అంటే బుద్ధిలేనివాడు.

ధ్వనిముద్ర:
సార్డీనియాను మాత్రం ఈ గీతల లెక్కలోకి లాగకండి. అది వేరే శాఖ. లాటిన్‌లోని ‘క’ ధ్వని ఇ, ఎ ముందు దాదాపు అంతటా చ, స లాంటివిగా మారింది, సార్డీనియాలోని నువోరో, లొగుదోరో వైపు మారలేదు. పుస్తకంలో చెంతో (నూరు), అక్కడ కెంతు. ఆకాశం చియేలో కాదు, కేలు. ఆర్టికల్ ఇల్, లా కాదు, సు, సా. బహువచనానికి చివర స: సోస్ కానెస్, కుక్కలు. దక్షిణాన కాల్యరి వైపు ఆర్టికల్ బహువచనం ఇస్.

అదే దీవిలో అల్గేరోలో కాటలాన్, పక్కనున్న సాన్ పియెత్రో దీవిలోని కార్లోఫోర్తెలో జెనోవా మాట వినపడతాయి. జెనోవా వైపు నుంచి టునీసియా తీరంలోని తబర్కా వెళ్ళి స్థిరపడ్డవాళ్ళ సంతతి 1738లో వచ్చి కట్టిన ఊరది. సార్డీనియాలో దిగి ‘సార్డీనియన్ భాష’ అని ఒక్కటే వెతికితే దొరకదు.

మిరియాలపొడి:
వెనిస్, సిసిలీ భాషలకి ప్రభుత్వ గుర్తింపు ఉందా?

ధ్వనిముద్ర:
జాతీయ చట్టంలో లేదు. 1999 నాటి 482వ చట్టం 12 భాషా సముదాయాలకి రక్షణ ఇచ్చింది: అల్బేనియన్, కాటలాన్, జర్మనిక్ మాటలు, గ్రీకు, స్లొవీన్, క్రొయేషియన్, ఫ్రెంచ్, ఫ్రాంకో-ప్రొవెన్సాల్, ఫ్రియులియన్, లదీన్, ఆక్సిటాన్, సార్డీనియన్. నేపుల్స్, సిసిలీ, వెనిస్, లొంబార్డీ, పియెమోంతెల మాటలు అందులో లేవు. కొన్ని రీజియన్లు తమ చట్టాలు తాము చేసుకున్నాయి. మాట్లాడే జనం ఎంతమంది అన్నది ఇక్కడ కొలత కాలేదు.

మిరియాలపొడి:
పరీక్షల సంగతి నేను చెప్తాను. భాషా సామర్థ్యానికి ఐరోపా కొలతలో దీర్ఘకాలిక నివాస అనుమతికి ఏ2, 2018 నుంచి పౌరసత్వానికి అంతకంటే పైదైన బీ1 స్థాయి కావాలి. ఇటాలియన్ పరీక్షలు చిల్స్ అయినా చేలి అయినా పరీక్షించేది పుస్తకపు భాషనే. దక్షిణాదిలో ఉండి వీధిలో నేర్చుకున్నవాళ్ళకి మార్కులు పోయే చోట్లు కొన్ని ఉన్నాయి, వాటిలో కొన్ని తెలుగువాళ్ళకి మరీ సహజంగా తోస్తాయి. అదే ప్రమాదం.

‘మరియాని పిలువు’ అంటాం, ‘పుస్తకం తీసుకురా’ అంటాం. మనుషులైతే -ని తప్పదు, వస్తువుకి లేకపోయినా సరే. దక్షిణ ఇటలీ మాటల్లోనూ అంతే, మనిషి కర్మగా వస్తే ముందు ‘ఆ’ పెడతారు: కియామా ఆ మరియా. మనకి హాయిగా ఉంటుంది, పరీక్షలో తప్పు. కియామా మరియా అని రాయాలి.

‘నాకు ఆకలిగా ఉంది’కి నేపుల్స్‌లో తెంగో వాడతారు, కాగితం మీద ఓ ఫామె రాయాలి. సలీరె అంటే ఎక్కడం, ఎక్కించడం కాదు. దక్షిణాదిలో పెట్టె ఎక్కించడానికీ ఇదే క్రియ వాడతారు. మనకి ఎక్కు, ఎక్కించు విడిగా ఉన్నాయి కాబట్టి ఆ తేడా గుర్తుంచుకుంటే చాలు: పెట్టె పైకి తేవడానికి పొర్తారె సు. ఇక ‘మీరు’. మన మీరు గౌరవానికీ బహువచనానికీ ఒకటే, దక్షిణాదిలో వోయి కూడా అలాగే నడుస్తుంది. పరీక్షలో ఒక్క మనిషిని గౌరవంగా పిలవాలంటే లేయి.

ఉత్తరాదిలో నేర్చుకున్నవాళ్ళ తప్పులు వేరు. పేరు ముందు ఆర్టికల్ (లా మరియా) తీసెయ్యండి. ద్విత్వం తేలిపోతుంది, అది కొంప ముంచుతుంది: వయసు చెప్పేటప్పుడు ‘అన్ని’ (ఏళ్ళు అని అర్థం) అన్న మాటలో న్న వత్తకపోతే ఆ వాక్యం పెద్దల ముందు పలకరాని మాటవుతుంది. ఇది మన తెలుగు నోటికి ఊరికే వచ్చే ధ్వని, మిలాన్‌వాళ్ళని చూసి పోగొట్టుకోకండి.

నేతిగిన్నె:
బజారులో పనికొచ్చేవి. పుచ్చకాయ ఉత్తరాన అంగూరియా, రోమ్, టస్కనీల్లో కొకోమెరో, నేపుల్స్‌లో మెల్లోనె. పొద్దున కాఫీతో తినే చంద్రవంక రొట్టె రోమ్‌లో కొర్నెత్తో, మిలాన్‌లో బ్రియోష్. సిసిలీలో బ్రియోష్ అడిగితే గ్రనీతాలో (తురిమిన ఐసులాంటి తీపి) ముంచుకు తినే గుండ్రటి బన్ను వస్తుంది. ‘ఇప్పుడు’ అన్నది అదెస్సో అంటే మనిషి ఉత్తరాది, మో అంటే రోమ్ గానీ దక్షిణాది గానీ, ఓరా అంటే టస్కనీ లేదా సిసిలీ. బడి ఎగ్గొట్టడానికి మిలాన్‌లో బిజారె, రోమ్‌లో ఫారె సేగా, నేపుల్స్‌లో ఫారె ఫిలోనె. ఏ మాట వాడాడన్నదాన్నిబట్టి ఎక్కడ చదివాడో చెప్పెయ్యొచ్చు. పలెర్మోలో అరంచీనా, కతానియాలో అరంచీనో. తినేది ఒకటే, తగువు మాత్రం ఆగదు.

ఉకారం:
వినడానికి: బెర్లిన్ హంబోల్ట్ విశ్వవిద్యాలయం వాళ్ళ ‘వివాల్ది’ ధ్వనిపటంలో ఊరు నొక్కితే ఒకే మాట అక్కడెలా పలుకుతారో వస్తుంది. మాటల వ్యాప్తి చూడ్డానికి యాబెర్గ్, యూడ్ అనే భాషాశాస్త్రవేత్తల పటాలు (1928–40), ఆన్‌లైన్‌లో ఉన్నాయి. వంద ఏళ్ళ కిందటి పల్లెల మాట అది, ఇవాళ్టి నగరం కాదు. గూగుల్ ట్రాన్స్‌లేట్‌లో 2024లో సిసిలీ, వెనిస్, లొంబార్డ్, లిగూరియన్, ఫ్రియులియన్ చేరాయి. స్పెల్లింగ్ ఒక్కటిగా లేని భాషలు కాబట్టి వచ్చిన వాక్యాన్ని అలాగే ఎవరికీ పంపకండి, చదివి అర్థం చేసుకోవడానికే వాడండి. నేపుల్స్ కుర్రాళ్ళు చాటింగ్‌లో తరచు చివరి అచ్చులు రాయరు. నిఘంటువులో వెతకాలంటే అచ్చు చేర్చుకుని వెతకాలి.

అచ్చుతప్పు:
అంటే పుస్తకం ఇటాలియన్ వినాలంటే ఫ్లోరెన్స్‌కే వెళ్ళాలన్నమాట.

పడమటిగాలి:
అక్కడా పూర్తిగా దొరకదండి. రెండు అచ్చుల మధ్య ఒంటి ‘క’ ఫ్లోరెన్స్‌లో ‘హ’ అవుతుంది: లా కాసా వాళ్ళ నోట లా హాసా. ‘ఇంటికి’ అనేటప్పుడు మాత్రం ఆ కాసా కాస్తా ‘అక్కాసా’ అవుతుంది, ద్విత్వం వచ్చింది కాబట్టి క నిలుస్తుంది. ‘ఇన్ కాసా’లోనూ నిలుస్తుంది, ముందు హల్లు ఉంది కాబట్టి. రేడియో వార్తల్లో ఈ హ వినపడదు, అక్కాసా వినపడుతుంది. అదొక్కటి పట్టుకుంటే ఫ్లోరెన్స్ వీధి మాటకీ వార్తల భాషకీ తేడా చెవికి తెలిసిపోతుంది.