స్టే ఇచ్చారు, కానీ ఓనరు అద్దె తీసుకోవట్లేదు. ఏం చేయాలి?

ప్రశ్న: నమస్తే అండి. షాపు అద్దె ఏడు నెలలు బాకీ పడ్డాను. ఓనరు సివిల్ కోర్టులో ఖాళీ చేయించే డిక్రీ తెచ్చుకున్నాడు. నేను అప్పీలు వేస్తే షరతులతో స్టే వచ్చింది. సగం బకాయి నాలుగు వారాల్లో కోర్టులో డిపాజిట్ చేయాలి, నెలనెలా అద్దె 10వ తేదీలోపు ఓనరుకు కట్టాలి. సగం బకాయి కట్టేశాను. అద్దె పంపితే మాత్రం తిప్పి పంపేస్తున్నాడు, ఫోన్ చేస్తే ‘తర్వాత చూద్దాంలే’ అంటాడు. అడ్వాన్సు ఆయన దగ్గరే ఉంది కదా, అందులో పట్టుకోమంటే సరిపోదా? టెన్షన్‌గా ఉంది.

జవాబు (సివిల్ కేసులు చూస్తుంటాను): సరిపోదండి. అప్పీలు వేసినంత మాత్రాన డిక్రీ ఆగదు, సివిల్ ప్రొసీజర్ కోడ్ (సీపీసీ) ఆర్డర్ 41 రూల్ 5 చెప్పేది అదే. ఆపింది కోర్టు, అదీ షరతు మీద. ఓనరు ఫోన్లో ఏమన్నా ఉత్తర్వు మారదు. 10 దాటాక ఆయనే వెళ్లి ‘షరతు తప్పాడు, స్టే తీసేయండి’ అంటే ఆ ఫోన్ మాటకు మీ దగ్గర రుజువేముంది?

బ్యాంకులో డీడీ తీసి, రిజిస్ట్రేషన్ పెట్టి స్పీడ్ పోస్టులో పంపండి. తిరిగొస్తే కవరు విప్పకుండా లాయరుకివ్వండి. ఆ అద్దె కోర్టులోనే జమ చేస్తామని వెంటనే పిటిషన్ వేయించండి. గడువు చాలకపోతే సీపీసీ సెక్షన్ 148 కింద పొడిగింపు అడగొచ్చు. గడువు దాటాకా అడగొచ్చు గానీ అప్పుడు సంజాయిషీ చెప్పుకోవాలి.

అడ్వాన్సు సంగతి ఉత్తర్వులో రాసి ఉంటే తప్ప మీ అంతట మీరు కోసుకోవద్దు.

మరొకరు: బకాయి మొత్తం వడ్డీతో, ఖర్చులతో కట్టేస్తే ఖాళీ చేయక్కర్లేదని సెక్షన్ 114లో ఉందంటారు?

జవాబు: 1882 నాటి ఆస్తి బదిలీ చట్టంలో ఉంది. ఆ మొత్తం విచారణలో కట్టాలి, లేదా 15 రోజుల్లో కడతానని హామీ చూపాలి. అప్పుడు కూడా ఇవ్వాలా వద్దా అన్నది కోర్టు ఇష్టం. పైగా అద్దె కట్టనందుకు లీజు రద్దయిన కేసులకే అది. అదే చట్టం సెక్షన్ 106 కింద ఓనరు నోటీసిచ్చి లీజు ముగిస్తే పనికిరాదు. ప్రశ్న అడిగినవారూ, మీకొచ్చిన నోటీసు ఏ సెక్షన్ కిందో ముందు చూసుకోండి. ఇంకో మాట: 2004లో ఆత్మారామ్ ప్రాపర్టీస్ కేసులో సుప్రీంకోర్టు, స్టే కావాలంటే పాత అద్దె కాకుండా మార్కెట్ రేటు కట్టమని కూడా షరతు పెట్టొచ్చని చెప్పింది. పాత అద్దెతో బయటపడ్డారు, సంతోషించండి.

ఇంకొకరు: నేను ఓనర్నే. అద్దె తీసుకుంటే లీజు మళ్లీ మొదలైనట్టేనేమోనని నేనూ భయపడ్డాను. ‘నా హక్కులకు భంగం లేకుండా తీసుకుంటున్నాను’ అని రసీదు మీద రాయమన్నారు మా లాయరు. మీ ఓనరు భయమూ అదేనేమో, అడిగి చూడండి.

ప్రశ్నించినవారు: డీడీ ఇవాళే పంపాను, పిటిషన్ రేపు వేస్తున్నారు. రసీదు మాట కూడా ఆయన లాయరుతో చెప్పించాను, ఇంకా జవాబు రాలేదు.