‘కెప్టెన్ కిడ్స్ కిడ్స్’: ఓడదొంగల కథను కలగా తేల్చడం సబబేనా?

తెరచాప:
హెరాల్డ్ లాయిడ్ 1919లో నటించిన రెండు రీళ్ల మూకీ హాస్యచిత్రం ‘కెప్టెన్ కిడ్స్ కిడ్స్’ను దర్శకుడు హాల్ రోచ్ చివర్లో చేజేతులా నీరుగార్చారని నా అభియోగం. పెళ్లికి ముందు మిత్రులతో విందులో తప్పతాగిన కుర్రాడి సంబంధాన్ని పిల్ల తల్లి రద్దు చేసి, కూతురిని ఓడెక్కించి తీసుకుపోతుంది. అతడు నౌకరు స్నబ్ పొలార్డ్‌ను వెంటబెట్టుకుని బయలుదేరి, ఆడవాళ్లే నడిపే ఓడదొంగల నౌకలో చిక్కుకుంటాడు. ఇంతా చేసి అది కల అంటే, అంతవరకు అతని పాట్లు నమ్మి నవ్విన మనం ఏమైపోవాలి?

రీలుపెట్టె:
తెరచాప గారూ, కల లేకపోతే ఈ కథ లాయిడ్‌కు అతకదు. అంతకుముందు ఆయన వేసిన లోన్సమ్ లూక్ అనే విదూషకుడి వేషానికైతే ఏ వింత లోకమైనా సరిపోయేది; 1917లో గుండ్రటి కళ్లద్దాలు తగిలించుకున్నాక ఆయన వీధిలో ఎదురయ్యే మామూలు కుర్రాడయ్యాడు. అలాంటివాణ్ణి ఇరవయ్యో శతాబ్దంలో నేరుగా ఓడదొంగలకు అప్పగిస్తే ఎవరు నమ్ముతారు? పైగా కలలో పెత్తనమంతా ఆడవాళ్లదే కావడం కాకతాళీయమని నేననుకోను. మెలకువలో అతని పెళ్లిని ఆపింది ఒక స్త్రీ మాట. ఆ మాటకు జడిసినవాడి నిద్రలో అదే ఆయుధం పట్టుకుని వచ్చింది.

తెరచాప:
కలపై నాకు పేచీ లేదు, దాన్ని దాచడంపైనే. చాప్లిన్ సైనికుడిగా నటించిన ‘షోల్డర్ ఆర్మ్స్’లోనూ చివరికి కలేనని తేలుతుంది, నిజమే. కానీ అది విడుదలైన 1918 అక్టోబరు నాటికి మొదటి ప్రపంచ యుద్ధం ఇంకా ముగియలేదు గనుక, మేలుకున్న సైనికుడి ముందు అసలు యుద్ధం అలాగే నిలిచి ఉంది. లాయిడ్ మేలుకుంటే ఉన్న ప్రమాదం కాస్తా పోతుంది. 1924లో మరో మూకీ హాస్యనటుడు బస్టర్ కీటన్ ‘షెర్లాక్ జూనియర్’లో కథానాయకుడు నిద్రపోవడం మన కళ్లముందే చూపించి, ఆ తరువాతే అసాధ్యమైన వింతలకు తెరతీశారు.

పాతబొమ్మ:
లాయిడ్ సరసన బెబే డేనియల్స్ నటించిన లఘుచిత్రాల్లో ఇదే చివరిది. తరువాత ఆమె దర్శకుడు సెసిల్ బి. డెమిల్ చిత్రాలకు వెళ్లారు. ఏళ్లుగా కలిసి పనిచేసిన లాయిడ్, డేనియల్స్, పొలార్డ్ ముగ్గురి పొందిక చూడటానికైనా ఈ ఓడ ఎక్కవచ్చని నా అభిప్రాయం.

రీలుపెట్టె:
అది ఒప్పుకుంటాను. అయితే తెరచాప గారూ, కీటన్‌కు కావలసింది మన ఆశ్చర్యం, లాయిడ్‌కు కావలసింది మన భయం. కలేనని ముందే చెప్పేస్తే ఓడదొంగల ముందు అతడు వణికినప్పుడు మన గుండె నిబ్బరంగానే ఉంటుంది, అప్పుడు నవ్వు సగానికి పడిపోతుంది.