టూటంఖామున్ సమాధికి తాళం: 1924లో తప్పెవరిది?

చరిత్రపిచ్చోడు:
1924 ఫిబ్రవరి 12న ఈజిప్ట్ ప్రాచీన రాజు టూటంఖామున్ రాతి శవపేటిక మూత లేపారు. మర్నాడు ఆ సమాధి తవ్వుతున్న బ్రిటిష్ పురావస్తు పరిశోధకుడు హోవర్డ్ కార్టర్ తన టీమ్ వాళ్ళ భార్యలకి చూపిద్దామంటే ఈజిప్ట్ ప్రభుత్వం కుదరదంది. ఆయన తాళమేసి, లక్సర్‌ ఊళ్ళో హోటల్లో నోటీసంటించి పని ఆపేశాడు. ఏళ్ళ తరబడి తవ్వినోడికి ఆమాత్రం మర్యాద ఇవ్వరా?

దోహాశీను:
మర్యాదా? టన్నుకు పైగా ఉన్న మూత తాళ్ళకి వేలాడుతుంటే వదిలేసి పోయాడండీ. తెగిపడితే?

చరిత్రపిచ్చోడు:
తెగలేదు కదా. ఆడవాళ్ళు ఓ గంట చూస్తే ఏం పోయింది, అది చెప్పండి ముందు.

పాతబావి:
మొదలెట్టార్రా మళ్ళీ

దోహాశీను:
భార్యల దగ్గరే ఆగిపోతారేంటండీ, ముందు ఏడాది తవ్వకాలకి డబ్బు పెట్టిన కార్నార్వాన్ ప్రభువు సమాధి వార్తల హక్కులు లండన్ టైమ్స్‌కి అమ్మేశాడు, సమాధి ఈజిప్ట్‌ది, అక్కడి పేపరోళ్ళేమో బయట ఎండలో. 1924లో ఈజిప్ట్ జాతీయవాద నాయకుడు జగ్లూల్ ఎన్నికల్లో గెలిచొచ్చాడు, బ్రిటిష్ వాళ్ళు మాల్టాకి తరిమినాయన. కార్టర్ కోర్టుకి పెట్టుకున్న లాయరెవరు? ఈ తవ్వకాలు చూసే శాఖ మంత్రి మీదే అంతకుముందు దేశద్రోహం కేసు నడిపినాయన! పైగా ప్రభుత్వాన్ని బందిపోట్లన్నాడు. నేను దోహాలో పదకొండేళ్ళు సైట్లో చేశా, ఓపెనింగ్ రోజు మమ్మల్ని బస్సెక్కించి క్యాంపుకి పంపేశారు. నాకు తెలుసు అదెలా ఉంటదో.

చరిత్రపిచ్చోడు:
మీ దోహాకీ దీనికీ ఏంటి సంబంధం? భార్యలకి కుదరదన్నవాళ్ళే మార్చిలో తమ అతిథుల్ని రైల్లో తెచ్చి చూపించారు, దానికేమంటారు? కార్టర్ ఒక్కో వస్తువుకి నంబరేసి, మైనం పోసి, ఫొటో తీసి పదేళ్ళు చేశాడు. మా ఊరి గుళ్ళో శిల్పాలకి కాంట్రాక్టర్ ఆయిల్ పెయింట్ కొట్టాడు. మనోడే.

లక్ష్మి_కరీంనగర్:
అదీ సంగతి. భార్యల గొడవ కాదన్నమాట, దేశస్తులకి చేతకాదు, తెల్లోడైతేనే జాగ్రత్త అంటారు.

చరిత్రపిచ్చోడు:
అలా అన్లేదు!! పని తెలిసినోడి చేతిలో ఉండాలన్నా.

లక్ష్మి_కరీంనగర్:
తవ్వకాల దగ్గరున్న ఈజిప్ట్ మేస్త్రీ అహ్మద్ గుర్గార్‌కి తెలీదా పని? కార్టరే పుస్తకంలో పేరుపెట్టి థాంక్స్ చెప్పాడు.

చరిత్రపిచ్చోడు:
ఆ పేరు ఇప్పుడే వింటున్నా.

దోహాశీను:
వింటారు లెండి. 1925 జనవరిలో దొరికిన వస్తువుల్లో వాటా అడగనని ఒప్పుకునే తిరిగొచ్చాడు మీ కార్టర్.

చరిత్రపిచ్చోడు:
ఒప్పుకున్నాడు సరే. అప్పుడైనా ఆ ఆడవాళ్ళని చూడనిచ్చారా లేదా?