లోక్‌సభ సెగ్మెంట్ ఆధిక్యం అసెంబ్లీ బలం అవుతుందా? తెలంగాణ 2024 లెక్కలపై చర్చ

ఇందూరు ఓటరు:
2024 లోక్‌సభ ఫలితాన్ని అసెంబ్లీ సెగ్మెంట్లవారీగా విడగొట్టి, వచ్చే అసెంబ్లీ అంచనాకు దాన్నే పునాదిగా పెట్టుకోవచ్చా? పెట్టుకోవచ్చనే నా వాదన.

2023 నవంబరు 30 అసెంబ్లీ పోలింగ్‌లో కాంగ్రెస్‌కు 39.40 శాతం, బీఆర్ఎస్‌కు 37.35, బీజేపీకి 13.90 వచ్చాయి. సీట్లు వరుసగా 64, 39, 8. ఐదున్నర నెలల్లోనే, 2024 మే 13న, లోక్‌సభకు ఓటేస్తే కాంగ్రెస్ 40.10, బీజేపీ 35.08, బీఆర్ఎస్ 16.68. కాంగ్రెస్‌కు 8 సీట్లు, బీజేపీకి 8, హైదరాబాద్ మజ్లిస్‌కు. బీఆర్ఎస్‌కు ఒక్కటీ లేదు.

బీఆర్ఎస్ పోగొట్టుకున్నది 20.67 పాయింట్లు, బీజేపీకి కలిసింది 21.18. కాంగ్రెస్ ఉన్నచోటే ఉంది. ఇంతకన్నా సూటిగా ఓటు బదిలీ కనబడుతుందా? ఏడింట ఆరు సెగ్మెంట్లు బీఆర్ఎస్ గెలిచిన మెదక్‌లో, గజ్వేల్, సిద్దిపేట కూడా అందులో ఉండగా, రఘునందన్‌రావు 39 వేల మెజారిటీతో గెలిచారు. ఏడుకు ఏడూ బీఆర్ఎస్ గెలిచిన మల్కాజిగిరిలో ఈటల రాజేందర్ మెజారిటీ 3.91 లక్షలు. బీజేపీకి ఆధిక్యం వచ్చిన సెగ్మెంట్లలో ఆ పార్టీని ముందు పెట్టే లెక్క మొదలుపెట్టాలి.

ఫారం ఇరవై:
అంకెలు సరైనవే, వాటినుంచి మీరు తీసిన తీర్పే తొందరపాటు. ముందు శాతాలు పక్కన పెట్టి ఓట్లు చూడండి. కాంగ్రెస్‌కు అసెంబ్లీలో 92 లక్షల పైచిలుకు, లోక్‌సభలో 87 లక్షల పైచిలుకు. శాతం పెరిగింది, ఓట్లు దాదాపు 5 లక్షలు తగ్గాయి. మొత్తం పోలైన ఓట్లు సుమారు 2.34 కోట్ల నుంచి 2.18 కోట్లకు పడిపోయాయి. అంటే "ఉన్నచోటే ఉంది" అన్న పార్టీ కూడా కదిలింది. ఓటేయడానికే రానివాళ్లు మీ లెక్కలో ఎక్కడా లేరు.

రెండోది ఇంకా ముఖ్యం. ఒక ఊహా బూత్ తీసుకుందాం. అసెంబ్లీకి 1000 ఓట్లు పడ్డాయి: కాంగ్రెస్ 400, బీఆర్ఎస్ 400, బీజేపీ 150, ఇతరులు 50. లోక్‌సభకు 900 పడ్డాయి: కాంగ్రెస్ 370, బీజేపీ 330, బీఆర్ఎస్ 160, ఇతరులు 40. ఇది ఎలా జరిగి ఉండొచ్చు?

మొదటి దారి: బీఆర్ఎస్ వదిలిన 240 మందిలో 180 మంది బీజేపీకి వేశారు, 60 మంది ఇంట్లోనే ఉన్నారు. కాంగ్రెస్ వాళ్లు 30 మంది, ఇతరుల వాళ్లు 10 మంది రాలేదు. లెక్క సరిపోయింది.

రెండో దారి: బీఆర్ఎస్ వదిలిన 240లో 140 మంది అధికారంలోకి వచ్చిన కాంగ్రెస్‌కు వేశారు, 100 మంది రాలేదు. అదే సమయంలో కాంగ్రెస్ వాళ్లు 170 మంది, ఇతరుల వాళ్లు 10 మంది బీజేపీకి వేశారు. కాంగ్రెస్ 400+140−170, అంటే 370. బీజేపీ 150+170+10, అంటే 330. ఇదీ సరిపోయింది.

రెండో దారిలో బీఆర్ఎస్ నుంచి బీజేపీకి ఒక్క ఓటూ వెళ్లలేదు. ఫలితాల షీటు మాత్రం రెండింటికీ ఒకటే. కూడికలు చూసి మనుషుల కదలిక చెప్పలేం అనడానికి ఇంతకన్నా రుజువు అక్కర్లేదు.

ఇందూరు ఓటరు:
కాగితం మీద రెండూ సాధ్యమే, ఒప్పుకుంటా. కానీ ఒకేసారి కాంగ్రెస్‌కు 140 మంది వచ్చి 170 మంది పోవడం నమ్మేలా ఉందా? ఊళ్లో పార్టీ పనిచేసే తీరు తెలిసినవాళ్లు మొదటి దారే నిజమంటారు.

ఫారం ఇరవై:
మీకు మొదటి దారి ఎక్కువ సహజంగా తోస్తోంది, నాకూ అంతే. అది మన అంచనా. షీటులో ఉన్నది కాదు. తేడా అక్కడే.

అయితే షీటు పూర్తిగా మూగదీ కాదు. ఏ పార్టీ ఓటైనా ఒకేచోట కుప్పగా ఉన్న బూత్‌లు నిజం చెప్తాయి. 1000లో 800 బీఆర్ఎస్‌కు పడిన బూత్ ఉందనుకోండి. లోక్‌సభకు అక్కడ బీజేపీకి 500 వస్తే, బీఆర్ఎస్‌కు వేయనివాళ్లు ఉన్నదే 200 మంది. వాళ్లంతా బీజేపీకే వేశారనుకున్నా మిగతా 300 బీఆర్ఎస్ నుంచే రావాలి, కొత్తగా చేరిన ఓటర్ల మేరకు కాస్త తగ్గించుకోవాలి అంతే. పైన నేను చూపిన 400-400 బూత్‌లో ఇదే లెక్క వేస్తే కనిష్ఠం సున్నా, గరిష్ఠం 330. ఏమీ తేలదు. కాబట్టి బదిలీ అని గట్టిగా అనాలంటే సిద్దిపేట లాంటి సెగ్మెంట్ల బూత్‌లు చూడాలి. హోరాహోరీ సెగ్మెంట్లలో కాదు. అక్కడ తేలినది కూడా అక్కడిదే, రాష్ట్రమంతటికీ అంటగట్టకూడదు. పార్టీ కోటలో ఓటరు, పోటాపోటీ చోట ఓటరు ఒకేలా ప్రవర్తించరు.

పాలమూరు:
మహబూబ్‌నగర్ సంగతి ఎవరూ ఎత్తలేదు. కొడంగల్, నారాయణపేట, మహబూబ్‌నగర్, జడ్చర్ల, దేవరకద్ర, మక్తల్, షాద్‌నగర్ ఏడూ కాంగ్రెస్ ఎమ్మెల్యేలవే. ఎంపీగా మాత్రం డీకే అరుణ 4,500 ఓట్లతో గెలిచారు. ఇక్కడ బీఆర్ఎస్ ఓటు మొత్తం మళ్లిందంటే సరిపోతుందా, కాంగ్రెస్ ఓటు కూడా కొంత జారిందా? అన్నా, మీ సూటి బదిలీ లెక్క మెదక్‌కు ఒకలా, పాలమూరుకు ఇంకోలా రాయాల్సి వస్తుంది.

పదమూడో రౌండ్:
సెగ్మెంట్ లెక్కతో అసెంబ్లీ అంచనా కట్టేవాళ్లు ముందు నాంపల్లి చూడాలి. అది మజ్లిస్ గెలిచిన అసెంబ్లీ స్థానం, పార్లమెంటుకు వస్తే సికింద్రాబాద్‌లో ఉంది. తెలంగాణలో మజ్లిస్ లోక్‌సభకు పోటీ చేసింది హైదరాబాద్‌లో మాత్రమే. అంటే నాంపల్లి ఓటరు ముందు ఉన్న యంత్రంలో పోయినసారి తను గెలిపించిన పార్టీ గుర్తే లేదు. ఆ సెగ్మెంట్ ఆధిక్యాన్ని అసెంబ్లీకి తెచ్చి అతికిస్తే వచ్చేది తప్పుడు లెక్కే. పోటీలో ఉన్న పార్టీల జాబితా రెండు ఎన్నికల్లో ఒకటేనా కాదా, ఇది మొదటి తనిఖీ. 2023లో బీజేపీ 8 సీట్లు జనసేనకు వదిలింది, కొత్తగూడెం కాంగ్రెస్ మద్దతుతో సీపీఐకి వెళ్లింది. అక్కడ బీజేపీ "పెరుగుదల", కాంగ్రెస్ "పెరుగుదల" రెండూ సున్నా నుంచి లెక్కించినవే.

బెజవాడ చూపు:
పక్క రాష్ట్రం వైపు చూస్తే ఒక సంగతి తేలుతుంది. ఆంధ్రప్రదేశ్‌లో రెండు ఎన్నికలూ ఒకే రోజు. 2024లో వైసీపీకి అసెంబ్లీలో 39.37 శాతం, లోక్‌సభలో 39.61. 2019లో 49.95, 49.89. ఒకే రోజు, ఒకే బూత్‌లో రెండు ఓట్లు వేసిన మనిషి దాదాపు ఒకే పార్టీకి వేశాడు. తెలంగాణలో చీలిక వచ్చిందంటే ఓటరు రెండు రకాలుగా ఆలోచించాడని కాదు, మధ్యలో గడిచిన నెలల్లో మనసు మారిందని. అలాంటప్పుడు తాజా మనసే లెక్కలోకి రావాలి. అంటే ఇందూరు గారి వైపే నేను.

పదమూడో రౌండ్:
రాష్ట్ర మొత్తం అలా కనిపిస్తుంది, నియోజకవర్గంలోకి దిగితే కాదండీ. 2019లో వైసీపీ గాలిలో కూడా విజయవాడ ఎంపీ సీటు 8,726 ఓట్లతో టీడీపీ నిలబెట్టుకుంది. కింద ఏడు అసెంబ్లీల్లో టీడీపీకి దక్కింది విజయవాడ తూర్పు ఒక్కటే. గుంటూరులో 4,205తో ఎంపీ టీడీపీకి, అసెంబ్లీల్లో గుంటూరు పశ్చిమ ఒక్కటే. శ్రీకాకుళంలో 6,653తో ఎంపీ, అసెంబ్లీల్లో ఇచ్ఛాపురం, టెక్కలి. ఒకే రోజు, ఒకే క్యూలో నిలబడి కూడా అభ్యర్థిని బట్టి వేరుగా నొక్కినవాళ్లు అక్కడ సరిపడా ఉన్నారు. ఎంపీకి ఒక పార్టీ, ఎమ్మెల్యేకు ఇంకో పార్టీ అనే క్రాస్ ఓటు ఇటునుంచి అటు పోయినదీ, అటునుంచి ఇటు వచ్చినదీ రాష్ట్ర మొత్తంలో ఒకదాన్నొకటి కొట్టేసుకుంటాయి. ఫారం ఇరవై గారు బూత్‌లో చూపించిన చిక్కే ఇక్కడ రాష్ట్ర స్థాయిలో ఉంది.

బెజవాడ చూపు:
అది నిజమే. మూడూ స్వల్ప మెజారిటీలు కూడా. రాష్ట్ర సగటుతో వాదించడం నా పొరపాటు.

ఇందూరు ఓటరు:
సరే, వాదన వదిలి జరిగిపోయినదాన్నే పరీక్ష పెడదాం. 2018 అసెంబ్లీలో బీజేపీకి ఒక్క గోషామహల్. 2019 లోక్‌సభలో నాలుగు: ఆదిలాబాద్, కరీంనగర్, నిజామాబాద్, సికింద్రాబాద్. 2023 అసెంబ్లీలో ఎనిమిది. లోక్‌సభ ఫలితం ముందే దారి చూపించలేదా?

ఫారం ఇరవై:
మంచి పరీక్ష. ఆ నాలుగు స్థానాల కింద 28 సెగ్మెంట్లు. 2023లో వాటిలో బీజేపీ గెలిచినవి:

ఆదిలాబాద్ కింద నాలుగు: సిర్పూర్, ఆదిలాబాద్, ముధోల్, నిర్మల్.
నిజామాబాద్ కింద రెండు: ఆర్మూర్, నిజామాబాద్ అర్బన్.
కరీంనగర్ కింద సున్నా.
సికింద్రాబాద్ కింద సున్నా.

28లో 6. మిగతా రెండు, కామారెడ్డి జహీరాబాద్ కిందిది, గోషామహల్ హైదరాబాద్ కిందిది. ఆ రెండు ఎంపీ సీట్లూ 2019లో బీజేపీవి కావు. ఉత్తరాన ఆదిలాబాద్‌లో లోక్‌సభ బలం కిందికి దిగింది. కరీంనగర్‌లో బండి సంజయ్ ఎంపీగా ఉండి, స్వయంగా కరీంనగర్ అసెంబ్లీకి నిలబడి మూడు వేల చిల్లరతో ఓడారు. హుజూరాబాద్ కూడా పోయింది. ఎంపీ గెలిచినచోట పార్టీ యంత్రాంగం మండలాల దాకా దిగిందా, అసెంబ్లీకి నిలబెట్టడానికి మనిషి ఉన్నాడా, వీటిమీదే తేడా వచ్చింది. లోక్‌సభ ఓటు సమాచారమే, కాదనను. దాని విలువ జిల్లాను బట్టి మారుతుంది.

పాలమూరు:
జూబ్లీహిల్స్ ఉప ఎన్నిక కూడా చూడండి. సికింద్రాబాద్ పార్లమెంటులో భాగం. 2024 లోక్‌సభకు ఆ సెగ్మెంట్‌లో బీజేపీకి సుమారు 64 వేలు, బీఆర్ఎస్‌కు సుమారు 18 వేలు. 2025 నవంబరులో అసెంబ్లీ ఉప ఎన్నిక వస్తే బీఆర్ఎస్ 74 వేలకు ఎక్కింది, బీజేపీ 17 వేలకు దిగి డిపాజిట్ పోగొట్టుకుంది. సీటు కాంగ్రెస్ గెలిచింది. బీజేపీని ముందు పెట్టడం సంగతి అటుంచి, రెండో స్థానంలో పెట్టినా ఇక్కడ లెక్క తప్పేది.

ఇందూరు ఓటరు:
దీంతో ఒకటి మార్చుకుంటున్నా. ఆధిక్యం వచ్చిన ప్రతిచోటా ముందు పెట్టాలన్న మాట వెనక్కి తీసుకుంటా. ఉత్తర జిల్లాల విషయంలో మాత్రం నిలబడతా. మరి బూత్‌లవారీగా చూడాలంటే ఎక్కడ మొదలుపెట్టాలి? నేను బూత్ నంబర్లు పక్కపక్కన పెట్టి చూస్తే కొన్నిచోట్ల ఒక పార్టీ ఓటు 700 నుంచి 90కి పడినట్టు వస్తోంది.

పదమూడో రౌండ్:
అది ఓటరు మారడం కాకపోవచ్చు, బూత్ మారింది. 2024 ఎన్నికల నాటికి ఓటర్లు 1500 దాటితే బూత్‌ను విడగొట్టేవారు. ఒకటి విడిపోతే ఆ తరువాతి నంబర్లన్నీ ఒక్కోటి జరిగే అవకాశం ఉంది, లేదా "112 ఏ" లాంటి అనుబంధ బూత్ వస్తుంది. నంబరుతో కలపొద్దు. బూత్ జాబితాలో బడి పేరు, గది, దాని కిందికి వచ్చే వీధులు ఉంటాయి, వాటితో కలపండి. విడిపోయినవాటిని మళ్లీ కూడి ఒకటిగా చూడండి. ఎంతకీ కుదరకపోతే ఊరి మొత్తంగానైనా కూడండి, నంబరు నమ్మడంకన్నా అది నయం.

ఇంకో మూడు చోట్ల తప్పు జరుగుతుంది.

పార్లమెంటు పోస్టల్ ఓట్లు రిటర్నింగ్ అధికారి దగ్గర విడిగా లెక్కిస్తారు, సెగ్మెంట్ బూత్ వరుసల్లో కలవవు. 85 ఏళ్లు దాటినవాళ్లు, 40 శాతం వైకల్యం ఉన్నవాళ్లు ఇంటినుంచి వేసిన ఓటూ పోస్టల్ కిందికే వస్తుంది. ఏడు సెగ్మెంట్లు కూడితే అభ్యర్థి మొత్తం రాదు, అది తప్పు కాదు.

ఒక బూత్‌లో వరుస మొత్తం సున్నాలుంటే కంగారుపడొద్దు. కంట్రోల్ యూనిట్‌లో (యంత్రంలో ఓట్లు నమోదయ్యే భాగం) ఓట్లు, ఫారం 17సీలో (బూత్‌లో పోలైన ఓట్ల లెక్క పత్రం) రాసిన ఓట్లు సరిపోలకపోతే, లేదా మాక్ పోల్ ఓట్లు (పోలింగ్‌కు ముందు పరీక్షగా వేసేవి) చెరపకుండా పోలింగ్ మొదలుపెట్టి ఉంటే, ఆ యంత్రాన్ని పక్కన పెడతారు. చివరికి మెజారిటీ ఆ బూత్‌ల ఓట్లకన్నా ఎక్కువుంటే లెక్కించరు. అలాంటి బూత్‌ను పోలికనుంచి తీసేయండి, సున్నాగా ఉంచొద్దు.

మూడోది, ఫారం 20 (బూత్‌లవారీ ఫలితాల షీటు) చాలాచోట్ల స్కాన్ చేసిన బొమ్మగా దొరుకుతుంది. మెషిన్‌తో చదివిస్తే 3 కాస్తా 8 అవుతుంది. ప్రతి వరుసలో అభ్యర్థుల ఓట్లు కూడి "చెల్లిన ఓట్ల మొత్తం" గడితో సరిచూడండి. దానికి నోటా కలిపితే చివరి మొత్తం రావాలి. టెండర్డ్ ఓట్ల (తన పేరు మీద అప్పటికే ఇంకెవరో వేసేస్తే అసలు ఓటరు కాగితంపై వేసే ఓటు) గడి వేరు, దాన్ని కూడొద్దు. తేడా వచ్చిన వరుస చేత్తో చూడాల్సిందే.

ఫారం ఇరవై:
మొదలు ఎక్కడ అంటే సికింద్రాబాద్ కంటోన్మెంట్ అంటాను. తెలంగాణలో ఇంతకన్నా మంచి చోటు లేదు. 2024 మే 13నే అక్కడ అసెంబ్లీ ఉప ఎన్నిక కూడా జరిగింది. ఒకే బూత్, ఒకే క్యూ, రెండు యంత్రాలు. అసెంబ్లీ కాంగ్రెస్‌కు వెళ్లింది, దాని పైనున్న మల్కాజిగిరి పార్లమెంటు బీజేపీకి. బూత్‌ల జాబితా ఒకటే కాబట్టి నంబర్ల గొడవ లేదు, మధ్యలో నెలలు గడవలేదు కాబట్టి మనసు మారిందనే మాటా రాదు. రెండు ఫారం 20లు పక్కన పెట్టి ప్రతి బూత్‌లో బీఆర్ఎస్ అసెంబ్లీ ఓటులోంచి బీఆర్ఎస్ పార్లమెంటు ఓటు తీసేయండి. బీజేపీకి కూడా అదే. పార్టీ కన్నా అభ్యర్థిని చూసి వేసిన ఓటు కనీసం ఎంతో అక్కడ బయటపడుతుంది.

ఇందూరు ఓటరు:
కనీసం ఎందుకు, మొత్తం ఎందుకు కాదు?

ఫారం ఇరవై:
ఒక బూత్‌లో 50 మంది ఇటునుంచి అటు, 30 మంది అటునుంచి ఇటు వేసి ఉంటే షీటులో కనబడేది 20. ఆ 20 ఖాయం, మిగతాది కనబడదు. అందుకే కనీసం. బూత్ చిన్నదైతే ఈ దాగుడు తగ్గుతుంది, 400 ఓట్లలోపు బూత్‌లు విడిగా ఒక వరుసలో పెట్టండి.

ఇందూరు ఓటరు:
సరే, కంటోన్మెంట్ రెండు షీట్లూ నేను ఎక్కిస్తాను. కూడిక సరిపోని వరుసలు పసుపు రంగులో పెడతా, వాటిని పదమూడో రౌండ్ గారు ఒకసారి చూడాలి.

పదమూడో రౌండ్:
చూస్తాను. బూత్ పేరు గడి కూడా ఉంచండి, నంబరు ఒక్కటే పెట్టొద్దు.