"వివరింపదగున్": వివరించేది ఎవరు?

నల్లకోటు: దాడి కేసులో ముద్దాయి తరఫున అప్పీలుకు నోట్సు రాసుకుంటుంటే సుమతీ శతకంలోని "వినదగు నెవ్వరు చెప్పిన" పద్యం రెండో పాదం నోట్లో తిరుగుతూ వదలడం లేదు. "విన్నంతనే వేగపడక వివరింపదగున్". వివరించాల్సింది విన్నవాడా, చెప్పినవాడా? చెప్పినవాడైతే నాకు హాయి. దెబ్బలు తిన్న సాక్షి పోలీసులకు చెప్పని కర్ర సంగతి కోర్టులో కొత్తగా చెప్పాడు.

కందప్రియ: ముందు పాదం సరిచేయండి సార్. "వినినంతనె". ప్రాస నకారం. ద్విత్వం పడితే ప్రాసా పోయింది, గణమూ పోయింది. నె హ్రస్వం. చాలా అచ్చుప్రతుల్లో దీర్ఘమిచ్చి పాడుచేశారు.

తెనాలి మాస్టారు: నె గొడవ ఒప్పుకున్నాం. అర్థానికొస్తే, ఇక్కడ వివరించడమంటే ఎదుటివాడికి విడమరిచి చెప్పడం కాదు, విచారించుకోవడం. "వేగపడక" వ్యతిరేక క్త్వార్థం, అంటే "తొందరపడకుండా" అనే అసమాపక క్రియ కదా, రెండు క్రియలకూ కర్త ఒకడే. తొందరపడకూడనివాడే వివరించాలి. సాక్షి నెత్తిన వేయడం కుదరదు.

నల్లకోటు: అయితే భారం జడ్జిదే. అదీ బాగానే ఉంది. 1957 వడివేలు తేవర్ తీర్పులో సుప్రీంకోర్టు సాక్షులను మూడు రకాలు చేసింది. పూర్తిగా నమ్మదగినవాళ్లు, బొత్తిగా నమ్మరానివాళ్లు, ఎటూ కానివాళ్లు. మొదటి రెండు రకాలతో పేచీ లేదు. మూడోవాడితోనే వివరింపదగున్, వాడి మాటకు ఇంకోచోట ఊతం దొరకాలి. ఒక అబద్ధం దొరికింది కాబట్టి సాక్ష్యమంతా చెత్తబుట్టలో వేయమంటే మన కోర్టులు ఒప్పుకోవు. కల్లా నిజమూ విడదీయాల్సిందే.

అరసున్న: అసలు కీలకం మూడో పాదంలో ఉంది, ఎవరూ పట్టించుకోలేదు. "కని కల్ల నిజము దెలిసిన". కని, అంటే చూసి! బోనులో సాక్షి తడబాటు, చూపు తప్పించడం కింది కోర్టు జడ్జి కళ్లారా చూస్తాడు. పాత సీఆర్‌పీసీ (నేర విచారణ స్మృతి) 280 సెక్షన్ ఆ తీరుతెన్నుల మీద అవసరమైన వ్యాఖ్య రాసుకోమంది. అప్పీలు కోర్టు ముందుకు మామూలుగా వచ్చేది కాగితమే. కాబట్టి నా లెక్కలో రెండో పాదం హైకోర్టుది, మూడోది సెషన్స్ కోర్టుది.

కందప్రియ: ప్రాస కోసం వచ్చిన "కని" మీద సెషన్స్ కోర్టు కట్టేశారా!

తెనాలి మాస్టారు: పైగా "కను"కు గ్రహించడమనే అర్థమూ ఉంది. కాగితం చదివి కూడా కనొచ్చు.

అరసున్న: పద్యం రాసింది బద్దె భూపాలుడైతే తగవులు తీర్చినవాడే. ఊరికే పడిన మాట అంటే నమ్మను.

తెనాలి మాస్టారు: సుమతి ఆయనదేనా అన్నదే తేలలేదు. సరే, సంశయలాభం బద్దెనకే ఇద్దాం.

గోదారిగట్టు: సంశయమంటే పోతన దగ్గరికి రావాలి గానీ శతకాల్లో ఏముంది? "కలడందురు దీనుల యెడ" అని మొదలుపెడతాడు గజేంద్రుడు. మూడు పాదాలూ "అందురు" మీదే నడుస్తాయి. అంతా వినికిడి సాక్ష్యం, కళ్లతో చూసినవాడు ఒక్కడూ లేడు. అప్పుడొస్తుంది "కలడు కలండనెడివాడు కలడో లేడో". కాలు మొసలి నోట్లో ఉండగా ఇంత పద్ధతిగా సందేహించిన ప్రాణి ఇంకోటి లేదు.

నల్లకోటు: మీ గజేంద్రుడే గాయపడ్డ సాక్షి అండీ! ఘటనాస్థలంలో ఉన్నాడా లేడా అని అడగలేం, ఒంటి మీద గాయమే చెబుతుంది. అందుకే గాయపడ్డవాడి మాటకు కోర్టులు ఎక్కువ విలువిస్తాయి. నా తలనొప్పీ అదే. కొట్టడం నిజం, ఎవరు కొట్టారన్నదే సందేహం.

గోదారిగట్టు: మరి కలడో లేడో అన్నప్పుడు ముద్దాయిని వదిలేయాలా?

నల్లకోటు: ఊహకు అందిన ప్రతి అనుమానానికీ కాదు, సాక్ష్యంలోంచి పుట్టిన సహేతుకమైన సందేహమైతేనే. కింది కోర్టు ఒకసారి వదిలేశాక ముద్దాయికి ఆ రక్షణ ఇంకా గట్టిపడుతుంది. 2007 చంద్రప్ప తీర్పు ప్రకారం, ఉన్న సాక్ష్యంతో రెండు నిర్ణయాలూ సబబే అనిపిస్తే అప్పీల్లో ఆ విడుదలను కదపకూడదు. నాది శిక్ష పడిన కేసు, ఆ అదృష్టం లేదు.

కందప్రియ: మధ్యలో ఒక మాట. అది "కలండనెడి"యే, చదివేటప్పుడు "కలడనెడి" అంటుంటారు, గురువక్షరం పోతుంది.

ఓరుగల్లు పిల్ల: ఆ "అందురు" అన్నదెవరో పోతన చెప్పలేదు, ఎవరూ అడగలేదు కూడా. కోర్టులో మాత్రం అదే కొంప ముంచుతుంది. సాక్షి "కర్రతో కొట్టారు సార్" అంటాడు. పెద్దమనిషి ఒక్కడే కొట్టినా మర్యాదకు "కొట్టారు" అనే అంటాం కదా! వాంగ్మూలం ఇంగ్లీషులో టైపయ్యేసరికి వాళ్లందరూ కొట్టినట్టు పడుతుంది. ఏ దెబ్బ ఎవరిదని అప్పీల్లో తన్నుకుంటారు. నల్లకోటు గారూ, మీ సాక్షి "కొట్టారు" అన్నాడా, "కొట్టిండ్రు" అన్నాడా?

నల్లకోటు: ఇంగ్లీషు కాపీయే ఉంది. తెలుగులో ఏమన్నాడో అందులో లేదు.

తెనాలి మాస్టారు: "కొట్టిండ్రు" అన్నా తేలదు, అదీ మర్యాదకు వాడతారు.

ఓరుగల్లు పిల్ల: మా ఊళ్లో కొట్టినవాడికి మర్యాద ఇవ్వం మాస్టారూ.